ఇడా పక్కన చుక్క

సెకనుకి 40 బిట్లు.

మెగాబిట్లు కాదు, కిలోబిట్లూ కాదు, ఉత్త బిట్లు. ఎనిమిదితో భాగిస్తే సెకనుకి అయిదు అక్షరాలు. టైపు హయ్యరు పాసైన గుమాస్తా హుషారుగా ఉన్న రోజున దీంతో పోటీ పడగలడు. డయలప్ మోడెం కీచుకీచుమంటుంటే తిట్టుకుంటూ పెరిగిన బాపతు మనం, అది 56 కిలోబిట్లు. అలాంటిది గెలీలియో అనే వ్యోమనౌక 1993లో ఒక రాయిని ఫొటోలు తీసి, ఈ 40 బిట్ల సందులోంచి భూమికి పంపింది. ఆ రాయి పేరు 243 ఇడా.

దీని గురించి రాయాలని ఎప్పట్నుంచో అనుకుంటున్నా. రాయకపోవడానికి కారణం ఒక్క బద్ధకమే కాదు. కిందకి వెళ్తే మీకే తెలుస్తుంది లెండి.

ముందు రాయి సంగతి. అంగారకుడికీ గురుడికీ మధ్య లక్షల కొద్దీ గ్రహశకలాలు తిరుగుతుంటాయి కదా, అందులో ఇడా ఒకటి. పొడవు ఇంచుమించు 60 కిలోమీటర్లు, అంటే బెజవాడ నుంచి ఏలూరు దాకా ఒకే బండ అనుకోండి. వెడల్పు 25, మందం 19. గుండ్రంగా ఏమీ ఉండదు, మట్టిలోంచి అప్పుడే తవ్వి తీసిన చిలగడదుంపలా ఉంటుంది, ఒళ్ళంతా గుంటలు. 4 గంటల 38 నిమిషాలకోసారి తన చుట్టూ తాను పొర్లుతుంది. 1884 సెప్టెంబరు 29న వియన్నాలో యోహాన్ పలీసా అనే ఆయన దీన్ని కనిపెట్టాడు. ఈయన ఫొటోలతో పని లేకుండా, దుర్భిణికి కన్ను ఆనించి చూసి చూసి మొత్తం 122 గ్రహశకలాలు పట్టాడు. పట్టినవాటికి పేర్లు పెట్టే హక్కు అప్పుడప్పుడూ డబ్బున్నవాళ్ళకి ఇచ్చేవాడట. ఇడాకి పేరు పెట్టినది మోరిట్స్ ఫాన్ కుఫ్నర్ అని, వియన్నాలో బీరు తయారుచేసే ఆసామి. ఆయనకీ ఖగోళం పిచ్చే.

243 అన్నది కనిపెట్టిన వరస నంబరు. అన్నట్టు, ఈ వరసలో 67వది మన మద్రాసు నుంచి కనిపెట్టిందే. 1861లో నుంగంబాకం అబ్జర్వేటరీలో పోగ్సన్ అనే దొర పట్టాడు, ఈ ఖండంలో మొదటిది కాబట్టి ఏసియా అని పేరు. అది కూడా ఇడా లాగే రాతి జాతిదే. ఆ అబ్జర్వేటరీ కట్టినప్పుడు నిలబెట్టిన రాతి స్తంభం మీద తెలుగులో కూడా చెక్కారు. చెన్నైలో పనిచేసేవాళ్ళు ఎవరైనా చూశారో లేదో మరి.

రాతి జాతి అన్నాను కదా. గ్రహశకలాల్లో బొగ్గులా నల్లగా ఉండేవి ఒక రకం, లోహం ఎక్కువున్నవి ఒక రకం, సిలికేట్ రాళ్ళతో కొంచెం ఎర్రగా ఉండేవి ఇంకో రకం. ఈ మూడో రకాన్ని ఎస్ టైప్ అంటారు. ఇడా ఎస్ టైప్.

ఇప్పుడు 40 బిట్ల కథ. గెలీలియో గురుగ్రహం దగ్గరికి వెళ్ళడానికి తయారుచేసిన నౌక. దానికి 4.8 మీటర్ల పెద్ద యాంటెన్నా, గొడుగులా మడిచి పెట్టింది, 18 ఊచలు. అది విప్పుకుంటే సెకనుకి 1,34,000 బిట్లు పంపగలదు. 1986లో ఛాలెంజర్ పేలిపోవడంతో ప్రయోగం వాయిదా పడింది. ఆ మధ్యలో నౌకని కాలిఫోర్నియా నుంచి ఫ్లోరిడాకీ, ఫ్లోరిడా నుంచి కాలిఫోర్నియాకీ లారీల మీద తిప్పారు. ఆ కుదుపులకి ఊచలు ఆనే చోట పూసిన కందెన అరిగిపోయి ఉంటుందని తర్వాత తేల్చారు. చివరికి 1989 అక్టోబరులో బయల్దేరింది. 1991 ఏప్రిల్ 11న గొడుగు తెరుచుకో అని కమాండ్ ఇచ్చారు. తెరుచుకోలేదు! కొన్ని ఊచలు ఇరుక్కుపోయాయి.

మన ప్రొడక్షన్ సర్వరు హ్యాంగైతే డేటా సెంటర్‌కి ఫోన్ చేసి, పవర్ తీసి పెట్టు బాబూ అంటాం. ఇక్కడ ఎవరికి చెప్తారు? ఎండకి తిప్పి వేడెక్కించారు, నీడకి తిప్పి చల్లార్చారు, లోహం వ్యాకోచించి వదులుతుందేమో అని. మోటార్‌ని చిన్న చిన్న కుదుపులుగా 13 వేల సార్లకి పైగా కొట్టి చూశారు. ఊహూఁ. ఇక మిగిలింది చిన్న యాంటెన్నా. దాని వేగం మొదట చెప్పుకున్నదే.

లెక్క వెయ్యండి. కెమెరా ఫ్రేము 800 అడ్డం, 800 నిలువు, పిక్సెల్‌కి 8 బిట్లు. మొత్తం 51,20,000 బిట్లు. సెకనుకి 40 చొప్పున 1,28,000 సెకన్లు. ముప్ఫై అయిదున్నర గంటలు, ఒక్క ఫొటోకి! అందుకే అన్నీ నౌకలో ఉన్న టేపు మీద రికార్డు చేసుకుని, తీరిగ్గా కొంచెం కొంచెం పంపే ఏర్పాటు చేసుకున్నారు.

1993 ఆగస్టు 28న గెలీలియో, ఇడా పక్కనుంచి 2,400 కిలోమీటర్ల దూరంలో, సెకనుకి 12.4 కిలోమీటర్ల వేగంతో దూసుకుపోయింది. ఆగడం లేదు, వెనక్కి తిరగడం లేదు. పైగా ఇడా సరిగ్గా ఎక్కడుంటుందో ముందే గురి చూసి చెప్పడం కష్టం. అందుకని అది ఉండొచ్చనుకున్న మేరంతా వరసగా ఫ్రేములు తీసి పెట్టుకున్నారు. వాటిలో చాలా ఫ్రేముల్లో ఉండేది నల్లటి ఆకాశమే. ముప్ఫై అయిదు గంటలు ఆగి ఒక ఫ్రేము దింపుకుంటే, అందులో చీకటి తప్ప ఏమీ లేకపోతే?

ఇక్కడ వాళ్ళు చేసిన పని నాకు భలే నచ్చింది. ఫ్రేము మొత్తం పంపొద్దు, కొన్ని గీతలు పంపు, మధ్యలో బోలెడు వదిలెయ్, మళ్ళీ కొన్ని గీతలు పంపు అన్నారు. తెర మీద చూస్తే జైలు ఊచల్లా ఉంటుంది, పేరు కూడా అదే పెట్టుకున్నారు. ఊచల మధ్య ఎక్కడైనా వెలుగు తగిలితే, ఇడా ఆ ఫ్రేములో ఉన్నట్టు. అప్పుడు అక్కడివరకూ పూర్తిగా దింపుకోవడం. ఇరవై జీబీ లాగ్ ఫైలు దింపుకోలేక హెడ్డూ టెయిలూ గ్రెప్పూ పెట్టి తడుముకుంటామే, అచ్చం అదే. వాళ్ళ సర్వరు కోట్ల కిలోమీటర్ల అవతల ఉంది, అంతే తేడా.

సెప్టెంబరులో అయిదు ఫ్రేములు కలిపి ఇడా పెద్ద బొమ్మ వచ్చింది. అందరూ చూసి సంతోషించారు. మిగతావి టేపు మీదే ఉన్నాయి. భూమికి కాస్త దగ్గరై వేగం పెరిగాక, 1994 ఫిబ్రవరిలో వాటిని దింపడం మొదలెట్టారు. ఫిబ్రవరి 17న ఆన్ హార్చ్ అనే ఆవిడ ఆ ఊచల బొమ్మలు చూస్తూ, ఇడా పక్కన ఒక చిన్న చుక్క ఉండటం గమనించింది.

ఒక్క క్షణం ఆవిడ కుర్చీలో కూర్చుని చూడండి. బొమ్మ ముక్కలు ముక్కలుగా ఉంది. చుక్క నక్షత్రం కావచ్చు. కెమెరాకి కాస్మిక్ కిరణం తగిలి పడ్డ మచ్చ కావచ్చు. ఇడా బొమ్మ అప్పటికే వచ్చేసింది, పని అయిపోయినట్టే లెక్క. పక్కన చుక్క ఉందని చెప్పకపోతే ఎవరూ అడగరు. ఆవిడ చెప్పింది. చెప్పించుకున్నవాళ్ళు విన్నారు. పరారుణ పరికరం తీసిన డేటాలో కూడా వెతికారు, అందులోనూ అదే చోట ఉంది. మార్చిలో ప్రకటించారు. గ్రహశకలానికి కూడా చందమామ ఉంటుందని మనుషులకి ఖాయంగా తెలిసింది అప్పుడే. దానికి డాక్టిల్ అని పేరు పెట్టారు. గ్రీకు పురాణాల్లో ఇడా అనే కొండ మీద ఉండే బుడతల పేరట అది. దాదాపు కిలోమీటరున్నర అడ్డం ఉంటుంది, మన ప్రకాశం బ్యారేజీ కన్నా కాస్త ఎక్కువ. తర్వాత లెక్కపెడితే మొత్తం 47 ఫొటోల్లో పడింది. ఆర్నెల్లుగా టేపు మీదే ఉందన్నమాట.

చుక్కతో ఏం ఒరిగింది అంటారా? చాలా ఒరిగింది. ఫొటోలు చూసి రాయి ఎంత పెద్దదో చెప్పొచ్చు, ఎంత బరువో చెప్పలేం. పక్కన ఏదైనా తిరుగుతుంటే, అది తిరిగే తీరుని బట్టి బరువు కట్టొచ్చు. డాక్టిల్ దారి పూర్తిగా తేలలేదు, ఎందుకంటే గెలీలియో దాదాపు అదే తలంలోంచి చూసింది, ప్లేటుని అంచు వైపు నుంచి చూసినట్టు. అయినా వదల్లేదు. 1994 ఏప్రిల్‌లో హబుల్‌తో ఎనిమిది గంటలు ఇడా చుట్టూ వెతికారు. కనపడలేదు. దూరంగా ఉంటే కనపడాలి, కనపడలేదు కాబట్టి దగ్గర్లోనే తిరుగుతోంది అని, కనపడకపోవడాన్ని కూడా లెక్కలోకి తీసుకున్నారు! అలా ఇడా సాంద్రత 2.6 అని తేల్చారు, అర అటూ ఇటూగా. మన హైదరాబాదు గ్రానైటు బండలదీ ఇంచుమించు అంతే.

దీని వెనక పాత పేచీ ఒకటుంది. భూమ్మీద పడే ఉల్కల్లో ఎక్కువ భాగం సాధారణ కాండ్రైట్లనే రాళ్ళు. అవి ఎక్కడినుంచి వస్తున్నాయి? ఎస్ టైప్ శకలాల నుంచే అయ్యుండాలి, ఎందుకంటే బెల్టు లోపలి వైపు అవే ఎక్కువ. కానీ రంగు కలవదు, శకలాలు ఎర్రగా ఉంటాయి. ఇడాలో లోహం బాగా ఉంటే ఇంకా బరువుండాలి, అంత బరువు లేదు. పైగా కొత్తగా పడ్డ గుంటల దగ్గర ఎరుపు తక్కువ, పాత నేల మీద ఎక్కువ. అంటే సౌరగాలీ, సన్నటి ధూళీ తగిలి తగిలి పైపొర రంగు మారుతోంది, లోపల రాయి మామూలుదే. 2010లో జపాను వాళ్ళ హయబుసా, ఇతొకావా అనే ఇంకో ఎస్ టైప్ శకలం మీది ధూళిని భూమికి తెచ్చాక ఆ పేచీ పూర్తిగా తీరింది.

ఇక నా సంగతి.

2009లో నేను హైదరాబాదులో ఒక ప్రొడక్షన్ సపోర్ట్ టీముకి లీడ్‌ని. విదేశీ క్లయింటు, కరెంటు, గ్యాసు బిల్లుల వసూళ్ళు. ప్రతి రాత్రీ కౌంటర్ల నుంచి ఫైళ్ళు వస్తాయి, మన బ్యాచ్ జాబు వాటిని డేటాబేసులోకి ఎక్కిస్తుంది, పొద్దున్నే అన్నీ గ్రీన్ అని మెయిలు కొడతాం. టీములో ఒక అమ్మాయి ఉండేది, కాలేజీ నుంచి వచ్చి ఏడాది కూడా కాలేదు. జూలైలో ఒకరోజు నా డెస్కు దగ్గరకి వచ్చింది.

"సర్, ఫైల్లో రికార్డుల కన్నా టేబుల్లో ఒకటి తక్కువ వస్తోంది."

"రోజూనా?"

"లేదు సర్. తొమ్మిది, పది తారీఖుల్లోనే. మూడు నెలల లాగ్స్ చూశాను."

నేను స్క్రీన్ మీంచి తల తిప్పలేదు. ఆ రోజు రిలీజ్ ఉంది. "ట్రెయిలర్ రికార్డుని కూడా లెక్కేసి ఉంటావ్. అది నాయిస్, వదిలేయ్" అన్నాను. ట్రెయిలర్ రికార్డంటే తెలియనివాళ్ళకి, ఫైలు చివర మొత్తం ఎన్నున్నాయో చెప్పే లైను. అదైతే తేడా రోజూ రావాలి కదా అన్న ఇంగితం నాకు ఆ నిమిషాన లేకపోయింది. తను సరే సర్ అని వెళ్ళిపోయి, సాయంత్రం అదే విషయం మెయిల్లో కూడా రాసింది, చిన్న పట్టిక పెట్టి. నేను తెరవలేదు.

డిసెంబరులో బద్దలైంది. జాబులో డూప్లికేట్లు పట్టడానికి వాడే కీ, బ్రాంచి నంబరు, నిమిషం వరకూ టైము, మొత్తం. గడువు తేదీ దగ్గరపడి జనం ఎగబడే రోజుల్లో, ఒకే బ్రాంచిలో రెండు కిటికీల దగ్గర ఇద్దరు ఒకే నిమిషంలో ఒకే మొత్తం కడితే, రెండోది మొదటిదాని మీద ఎక్కి కూర్చునేది. మొదటివాడు డబ్బు కట్టినా కట్టనట్టే. మొత్తం 74 మంది. ఆలస్య రుసుము పడ్డవాళ్ళు చాలామంది గొడవెందుకని అది కూడా కట్టేశారు. ఒక ఇంటికి మాత్రం గ్యాసు తీసేశారు. అక్కడ డిసెంబరంటే చలి ఎలా ఉంటుందో ఆన్‌సైట్ వెళ్ళినవాళ్ళకి తెలుసు. రెండు రోజులు ఆ ఇంట్లో హీటరు లేదు.

ఆర్‌సీఏ డాక్యుమెంటు రాసింది నేనే. "ముందస్తు సూచనలు" అన్న గడిలో, ఏవీ లేవు అని రాశాను. రాసేటప్పటికి తన మెయిలు చదివాను. చదివే రాశాను. ఆ డాక్యుమెంటు టీమంతటికీ వెళ్ళింది, తనకి కూడా. తను ఒక్క మాట అనలేదు. అదన్నా బాగుండేది.

ఇంకోటుంది. మార్చి అప్రైజల్లో తన గురించి, అసలు పని మీద కన్నా అనవసరమైన చిన్న విషయాల మీద ధ్యాస ఎక్కువ అని రాశాను. కావాలని కక్షతో రాసింది కాదు అని నాకు నేను చాలాసార్లు చెప్పుకున్నాను. ఇప్పుడు తిప్పి చూసుకుంటే, ఆ మనిషి టీములో లేకపోతే నాకు ప్రాణం హాయిగా ఉంటుందని లోపల ఎక్కడో ఉంది. 2010 జూన్‌లో వెళ్ళిపోయింది. నాకు ఆ ఏడాది ప్రమోషన్ వచ్చింది.

డాక్టిల్ కథ నాకు తెలిసింది చాలా ఆలస్యంగా. 2023 నవంబరు 1న లూసీ అనే నౌక డింకినేష్ అనే చిన్న శకలం పక్కనుంచి వెళ్ళింది. అది కూడా మెయిన్ బెల్టులోదే, ఎస్ టైపే, కిలోమీటరు కూడా ఉండదు. దగ్గరయ్యే కొద్దీ దాని వెలుగు కొంచెం తేడాగా మారుతుంటే, జంటేమో అని టీములోవాళ్ళకి ముందే అనుమానం వచ్చిందట. ఫొటోలు రాగానే పక్కన చందమామ కనబడింది. ఇంకొన్ని రోజులకి వచ్చిన ఫొటోల్లో ఆ చందమామే రెండు ఉండలు ఒకదానికొకటి అతుక్కున్నట్టు తేలింది. ఇదెక్కడి విడ్డూరం అని, మొదటి చందమామ ఎప్పుడు దొరికిందో వెతుక్కుంటూ వెళ్తే ఇడా తగిలింది, ఊచల బొమ్మలు తగిలాయి, ఆన్ హార్చ్ తగిలింది. రాత్రి ఒంటిగంటకి చదువుతున్నాను. ఊచల మధ్య చుక్క అన్న చోటికి వచ్చేసరికి ఇక ముందుకి పోలేకపోయాను.

మర్నాడు తనకి మెయిలు రాశాను. పదమూడేళ్ళ తర్వాత. చుట్టూ తిప్పకుండా, జూలైలో నువ్వు చెప్పింది నిజం, నేను వినలేదు, విన్నాక దాచాను, అప్రైజల్లో రాసింది అన్యాయం అని రాశాను. కింద, సంబంధం ఉందో లేదో తెలియదు గానీ అని, ఇడా, డాక్టిల్ ఫొటో కూడా పెట్టాను. పంపే ముందు మూడుసార్లు చదివి, నన్ను నేను సమర్థించుకుంటున్నట్టు అనిపించిన రెండు వాక్యాలు తీసేశాను.

నాలుగు రోజులకి జవాబొచ్చింది. ఫొటో చాలా బాగుందనీ, వాళ్ళబ్బాయికి చూపించిందనీ రాసింది. ఇప్పుడు ఎక్కడ పనిచేస్తోందో ఒక లైను. క్షమించాననీ అనలేదు, లేదనీ అనలేదు. చివర్లో ఇది రాసింది:

"అది ట్రెయిలర్ రికార్డు కాదని ఆ రోజే తెలుసండి. ట్రెయిలర్ తీసేసే లెక్కపెట్టాను. మీరు తల ఎత్తలేదు కాబట్టి చెప్పలేకపోయాను."